ఇసుకలో దిద్దిన అక్షరం: చెన్నపురిలో తెలుగు పిల్లల తొలి చదువు

ఒక విద్యాలయం 75 సంవత్సరాలు పూర్తి చేసుకొని ప్లాటినం జూబిలీ జరుపుకొనే శుభసమయంలో దాని ప్రధానోపాధ్యాయులను, దాతలను, పేరుప్రతిష్ఠలు గడించిన పూర్వవిద్యార్థులను స్మరించుకోవడం ఆచారం. అది ఎంతైనా ఉచితం. అయితే ఏ పాఠశాల రికార్డులలోనూ తేదీ వేసి రాయని ఘట్టం ఒకటి ఉంది. నిన్నటిదాకా వంకర గీతలుగా తోచిన రూపాలు ఒకనాడు మాటగా పలుకుతాయి. ఆ మాట తన ఇంట్లో రోజూ వినేదేనని పసివాడు గుర్తిస్తాడు. పరీక్షాఫలితాలకైనా పట్టాలకైనా పునాది అక్కడే పడుతుంది. ఆ పునాదిని ఎలా వేయాలన్న ప్రశ్న చుట్టూ మన చెన్నపట్నంలో రెండు శతాబ్దాలకు పైగా ఎంతో కృషి జరిగింది. ఇక్కడినుండి లోకం నేర్చుకొన్న పాఠాలు అందులో ఉన్నాయి. మనం నేర్చుకొని మరచిపోయినవీ ఉన్నాయి. వాటిని స్థూలంగా సమీక్షించడమే ఈ వ్యాసం ఉద్దేశం.

వీధిబడిలో గుంట ఓనమాలు

అచ్చుపుస్తకాలు పల్లెలకు చేరని కాలంలో తెలుగు పిల్లవాడి చదువు వీధిబడిలో మొదలయ్యేది. శివ పంచాక్షరితో ఆరంభించే ఆచారాన్నిబట్టే మన వర్ణమాలకు ఓనమాలు అనే పేరు స్థిరపడింది. గురువు ఇసుకలో అక్షరం రాసేవాడు. పిల్లవాడు ఆ గాడి వెంట వేలు నడిపి దిద్దేవాడు. గుంట ఓనమాలు అనే పలుకుబడి అలా పుట్టిందే.

ఆనాటి బడుల స్వరూపాన్ని మనకు తెలియజేసే విలువైన ఆధారం ఒకటి మద్రాసు ప్రభుత్వ పత్రాలలో ఉంది. 1822లో గవర్నరు సర్ థామస్ మన్రో రాజధాని పరిధిలోని జిల్లాలన్నింటిలో దేశీయ విద్య ఎలా ఉన్నదో విచారించి తెలుపవలసిందని కలెక్టర్లను ఆదేశించాడు. అలా వచ్చిన వివరాలను క్రోడీకరించి 1826లో ఆయన రాసిన నివేదికలో, సుమారు 1 కోటి 28 లక్షల జనాభాకు 12,498 బడులున్నట్లు పేర్కొన్నాడు. అంటే దాదాపు వెయ్యిమందికి ఒక బడి.

ఆ కలెక్టర్ల జవాబులలో బళ్లారినుండి ఎ.డి. కాంప్‌బెల్ 1823లో పంపినది మిక్కిలి ప్రసిద్ధమైనది. మద్రాసులోని సెయింట్ జార్జి కోట కళాశాలతో సంబంధం కలిగి, 1816లో తెలుగు వ్యాకరణాన్ని ఇంగ్లీషులో ప్రకటించిన పండితుడాయన. తన జిల్లాలోని 533 బడులలో 226 తెలుగు బడులని లెక్క చెప్పాడు. పిల్లలు అయిదో ఏట బడిలో చేరడం, వినాయకపూజ, బియ్యంలో అక్షరం దిద్దించడం వంటివన్నీ శ్రద్ధగా వర్ణించాడు. ఉదయం అందరికంటె ముందు వచ్చిన విద్యార్థి అరచేతిలో గౌరవచిహ్నంగా సరస్వతి పేరు రాసేవారట. రెండవవాడి చేతిలో సున్న చుట్టేవారు. వాడికి మెప్పూ లేదు, మందలింపూ లేదు. మూడవవాడినుండి బెత్తం దెబ్బలు ఒక్కొక్కటిగా పెరిగేవి.

విద్యాదృష్టితో చూస్తే కాంప్‌బెల్ గుర్తించిన విశేషం మరొకటి ఉంది. ఐరోపాలో పిల్లలు అక్షరాల పేర్లను వల్లించి నేర్చుకొంటూ ఉండగా, ఇక్కడి పిల్లవాడు వాటిని రాస్తూ నేర్చుకొంటున్నాడు. చేయి కదలికతోనే కన్ను రూపాన్ని పట్టుకొంటున్నది. ఇసుక తరువాత బలపం, పలక, కడితం వచ్చేవి. ముందు నేర్చినవాడు వెనుకవాడికి నేర్పేవాడు. నేర్పుతూ తన చదువును గట్టిపరచుకొనేవాడు. ఈ పద్ధతిని కాంప్‌బెల్ మనసారా మెచ్చుకొన్నాడు.

ఎగ్మూరునుండి ఇంగ్లండుకు

ఆ మెప్పుకు ఒక పూర్వకథ ఉంది. కాంప్‌బెల్ నివేదికకు మూడు దశాబ్దాల ముందే ఈ ఇసుక చదువు మన నగరంలో మరొక పరదేశి కంట పడింది. స్కాట్లండులోని సెయింట్ ఆండ్రూస్‌కు చెందిన ఆండ్రూ బెల్ 1787లో మద్రాసు చేరాడు. 1789లో ఎగ్మూరులో సైనికుల అనాథ బాలురకోసం ఏర్పడిన ఆశ్రమానికి పర్యవేక్షకుడయ్యాడు. స్థానికమైన ఒక బడిలో పిల్లలు ఇసుకలో వేళ్లతో అక్షరాలు దిద్దుతూ ఉండడం చూసి, తన ఆశ్రమంలో కూడా ఆ పద్ధతిని ప్రవేశపెట్టాలని సంకల్పించాడు. జీతగాళ్లయిన ఉపాధ్యాయులు దీనికి ఉత్సాహం చూపలేదు. అప్పుడాయన జాన్ ఫ్రిస్కెన్ అనే ఎనిమిదేళ్ల బాలుడికి అక్షరాల తరగతిని అప్పగించాడు. పెద్దలు చేయనిది ఆ చిన్నవాడు చేసి చూపించాడు.

బెల్ స్వదేశానికి వెళ్లిన తరువాత 1797లో ఈ ప్రయోగాన్ని పుస్తకంగా ప్రకటించాడు. ఇంగ్లండులో పేదపిల్లల పాఠశాలలకు అది మార్గదర్శకమై, "మద్రాసు పద్ధతి" అని పేరు తెచ్చుకొంది. సెయింట్ ఆండ్రూస్‌లో ఆయన ధనంతో వెలసిన విద్యాలయం ఈనాటికీ మద్రాసు కాలేజీ అనే పేరుతోనే నడుస్తున్నది. మన వీధిబడి ఇసుక అంత దూరం ప్రయాణించింది!

అయితే ప్రయాణంలో కొంత జారిపోయింది కూడా. ఒక అరుగుమీద గురువు కంటి ఎదుట, కొద్దిమంది మధ్య నడిచిన పద్ధతి అక్కడ వందలాది పిల్లలు కూర్చునే హాళ్లలో యంత్రంవలె సాగింది. ఒకరికొకరు నేర్పడంలోని ఆత్మీయత తగ్గి, ఆజ్ఞ, వల్లింపు మిగిలాయి. పద్ధతిని తీసుకొని పరిసరాన్ని విడిచిపెడితే ఏమవుతుందో చెప్పడానికి ఇది మంచి ఉదాహరణ.

చిలుక పలుకులు

వీధిబడిని పొగడడంతోనే ఆగితే చరిత్రకు న్యాయం చేసినట్లు కాదు. కాంప్‌బెల్ లెక్కలో ఉన్న 6,641 మంది విద్యార్థులలో హిందూ బాలికలు 60 మంది మాత్రమే. నిమ్నకులాలుగా ఎంచబడినవారి పిల్లలకు ఆ అరుగు ఎక్కే అవకాశమే అరుదు. పేదరికం వల్ల తల్లిదండ్రులు పిల్లలను బడి మాన్పిస్తున్నారని కూడా ఆయన రాశాడు.

చదువు విషయంలో ఆయన చేసిన ఆక్షేపణ మరింత ఆలోచింపజేసేది. అక్షరాలు వచ్చిన వెంటనే పిల్లల చేతికి అందేవి పద్యగ్రంథాలు. వాటి భాష వారు మాట్లాడే భాషకు చాలా దూరం. పిల్లలు వందల పద్యాలు తడుముకోకుండా అప్పజెప్పగలరు. కాని వాటి అర్థం, మాటలు నేర్చిన చిలుకకు ఎంత తెలుసో వారికీ అంతే తెలుసునని ఆయన అభిప్రాయం. ధారణశక్తిని తక్కువ చేయవలసిన పనిలేదు. పద్యం నోటికి రావడం తెలుగువారికి తరతరాల సంపద. కాని చదవడం అంటే పలకడమే అనుకొన్నప్పుడు, అర్థం చేసుకోవడమనే రెండవ సగం వెనుకబడిపోతుంది. ఈ ఆక్షేపణకు సరైన సమాధానం రావడానికి ఇంచుమించు ఒక శతాబ్దం పట్టింది.

బాలశిక్ష: అచ్చులో తొలి మెట్లు

ఇంతలో అచ్చుయంత్రం వచ్చింది. 1832లో క్లూలో అనే కుంఫిణీ అధికారి ప్రోత్సాహంతో పుదూరు సీతారామశాస్త్రి రచించిన "బాలశిక్ష" మద్రాసులో వెలువడింది. కాలక్రమాన పెరిగి "పెద్ద బాలశిక్ష" అయిన పుస్తకపరంపరకు ఇదే మూలం. 1854లో వావిళ్ల రామస్వామి శాస్త్రులు చెన్నపురిలో ముద్రణాలయం స్థాపించారు. ఆ సంస్థ అచ్చువేసిన బాలశిక్షలు తెలుగుదేశం నలుమూలలకూ వెళ్లాయి. ఎన్ని ఇళ్లలో అది మొదటి పుస్తకమో, ఎన్ని ఇళ్లలో అదొక్కటే పుస్తకమో చెప్పడం కష్టం.

పెద్ద బాలశిక్షను నేడు తిథులు, నక్షత్రాలు, సంవత్సరాల పేర్ల పట్టికగా తలచుకొనేవారే ఎక్కువ. దాని అసలు బలం మెట్ల అమరికలో ఉంది. అక్షరాలు, గుణింతాలు, వత్తులు. తరువాత రెండక్షరాల మాటలు, మూడక్షరాల మాటలు. అటుపైన చిన్న చిన్న నీతివాక్యాలు, కథలు. తెలుగు లిపిలో ఒక్కొక్క అక్షరం పలుకుబడిలో ఒక్కొక్క ముక్క. "మామ" అనే మాటను మా, మ అని విడగొట్టడం ఏ పసివాడికైనా సాధ్యమే. బాలశిక్ష ఈ సహజగుణాన్ని చక్కగా వినియోగించుకొంది.

అదే నగరంలో పరవస్తు చిన్నయసూరి 1853లో నీతిచంద్రికను ప్రకటించాడు. తెలుగు వచనానికి అది మహత్తర శోభను తెచ్చింది. కాని ఆ శోభే ప్రమాణమై చిన్నపిల్లల వాచకాలదాకా దిగివచ్చేసరికి, పసివాడు బడిలో చదివే తెలుగు వేరు, ఇంట్లో మాట్లాడే తెలుగు వేరు అయిపోయింది. అక్షరాల మెట్లు సరిగానే ఉన్నాయి. అవి చేర్చే గడపే అతనికి పరాయిదయింది.

సవర పిల్లలు నేర్పిన పాఠం

ఈ చిక్కును విప్పిన మహనీయుడు గిడుగు వెంకట రామమూర్తి పంతులు. పర్లాకిమిడిలో ఉపాధ్యాయుడుగా ఉంటూ ఆయన సమీపంలోని కొండలలో నివసించే సవరల భాషను పట్టుదలతో నేర్చుకొన్నారు. సవర పిల్లలకు సవరభాషలోనే చదువు చెప్పాలని బడులు నెలకొల్పి, స్వయంగా పుస్తకాలు రచించారు. 1911లో మద్రాసు ప్రభుత్వం అందుకు పారితోషికం ఇవ్వబోగా, ఆ ధనాన్ని సవరల చదువుకే వినియోగించవలసిందని కోరిన త్యాగమూర్తి ఆయన.

సవర బాలుడికి తెలుగు వాచకం ఎంత పరాయిదో, తెలుగు బాలుడికి గ్రాంథిక వాచకం ఇంచుమించు అంత పరాయిదన్న ఆలోచన ఆ అనుభవంనుండి కలగడం సహజం. 1906 ప్రాంతంలో పాఠశాలల తనిఖీ అధికారి జె.ఎ. యేట్స్, తెలుగు పిల్లలకు వారు మాట్లాడే భాషలో ఎందుకు పాఠం చెప్పరని ప్రశ్నించడం ఈ ఆలోచనకు ఊతమిచ్చింది. ఆపైన జరిగిన వాదోపవాదాలకు మద్రాసు నగరమే ప్రధాన వేదిక. 1911లో ఇక్కడ ఏర్పడిన ఆంధ్ర సాహిత్య పరిషత్తు జయంతి రామయ్య పంతులు నాయకత్వాన గ్రాంథికభాషను సమర్థించింది. భాష శైథిల్యం చెందరాదన్నదే వారి ఆవేదన. ఉభయపక్షాలలోనూ భాషాభిమానం ఉన్నదనేది మనం మరువరాదు. కాని పసివాడి పక్షాన నిలిచి చూస్తే గిడుగువారి వాదమే నెగ్గవలసినది. కాలక్రమాన నెగ్గింది కూడా. 1940 జనవరి 22న ఆయన ఈ నగరంలోనే కన్నుమూశారు. ఆయన జన్మదినమైన ఆగస్టు 29ని తెలుగు భాషా దినోత్సవంగా జరుపుకొంటున్నాం.

అడయారు, ఆకాశవాణి, చందమామ

గిడుగువారి చివరి దినాలలోనే ఈ నగరానికి మరొక విద్యావేత్త వచ్చారు. ఇటలీ దేశస్థురాలైన డాక్టర్ మరియా మాంటిస్సోరి 1939 నవంబరులో అడయారులోని దివ్యజ్ఞాన సమాజంలో ఉపాధ్యాయ శిక్షణ ప్రారంభించారు. సుమారు 300 మంది అందులో పాల్గొన్నారు. యుద్ధం కారణంగా ఆమె 1946 వరకు మన దేశంలోనే ఉండిపోయారు. గరుకు కాగితంతో చేసిన అక్షరాలను పిల్లలు వేళ్లతో తడుముతూ వాటి ధ్వనిని పలకడం ఆమె పద్ధతిలో ముఖ్యభాగం. రాయడం ముందు, చదవడం వెనుక అని ఆమె గమనించారు. ఎగ్మూరులో బెల్ చూసిన ఇసుకకు, అడయారులో ఆమె చూపిన గరుకు కాగితానికి మధ్య నూటయాభై ఏళ్ల దూరం ఉంది. రెండింటిలోని సత్యం ఒక్కటే: పసివాడి చూపుడువేలు కూడా చదువుతుంది.

చేతి తరువాత చెప్పుకోవలసినది చెవి. 1938లో మద్రాసు రేడియో కేంద్రం ప్రసారాలు ఆరంభించింది. న్యాయపతి రాఘవరావు, కామేశ్వరి దంపతులు "రేడియో అన్నయ్య", "రేడియో అక్కయ్య"గా తెలుగు పిల్లలకు ఆత్మీయులయ్యారు. పాటలు, కథలు, నాటికలు పిల్లలచేతనే చెప్పించారు. 1940లో బాలానంద సంఘాన్ని, 1945లో "బాల" పత్రికను మద్రాసులో ప్రారంభించారు. అక్షరం రాని పిల్లవాడు సైతం మంచి తెలుగు వాక్యాన్ని వినడానికి, కథ పూర్వాపరాలను పట్టుకోవడానికి అలవాటుపడ్డాడు. అటువంటి చెవి ఉన్నవాడికి పుస్తకంలోని వాక్యం కొత్తగా తోచదు.

1947 జూలైలో నాగిరెడ్డి, చక్రపాణిగార్ల చందమామ వచ్చింది. 1952నుండి 1980లో మరణించేదాకా కొడవటిగంటి కుటుంబరావు దాని సంపాదకత్వ బాధ్యతను నిర్వహించారు. సరళమైన వ్యవహారభాష, చిన్నవాక్యం, ప్రతి పుటలో బొమ్మ: ఇవి ఎందరో పిల్లలను తమంతట తాము చదివేటట్లు చేశాయి. పెద్దవాళ్లు చదివి వినిపించగా మొదలై, తరువాత పెద్దవాళ్ల చేతిలోంచి లాక్కొని చదివే స్థితికి చేర్చిన పత్రిక అది. బాల 1950ల చివర నిలిచిపోయింది. చందమామ 2010ల తొలినాళ్లలో ఆగిపోయింది. వాటి స్థానం ఇంకా ఖాళీగానే ఉంది.

ఇంట్లో మాట, బడిలో అక్షరం

1953 అక్టోబరు 1న ఆంధ్రరాష్ట్రం ఏర్పడడంతో మద్రాసు తెలుగువారి స్థితి మారింది. నగర జీవనంలో కీలకపాత్ర వహించిన భాష ఇక్కడ అల్పసంఖ్యాకుల భాష అయింది. 1956లో రాజ్యాంగంలో చేరిన 350ఎ అధికరణం, భాషా అల్పసంఖ్యాక వర్గాల పిల్లలకు ప్రాథమిక దశలో మాతృభాషలో బోధించే వసతి కల్పించడం రాష్ట్రాల కర్తవ్యమని చెప్పింది. మన పాఠశాలవంటి విద్యాసంస్థలు నిలబడడానికి దాతల ఔదార్యంతోబాటు ఇటువంటి రక్షణ కూడా తోడ్పడింది. 2006లో తమిళనాడు ప్రభుత్వం చేసిన చట్టంతో తమిళం మొదటి తరగతినుండి క్రమంగా నిర్బంధ పాఠ్యాంశమైంది. ఉన్న ఊరి భాష నేర్వడం ఎవరికైనా మేలే. చిక్కు ఎక్కడంటే, ఇంగ్లీషు, తమిళం మధ్య మూడవదైన ఇంటిభాషకు బడిలో గంట మిగలడం లేదు.

నేడు చెన్నైలో తెలుగు చక్కగా మాట్లాడుతూ ఒక్క తెలుగు అక్షరమైనా చదవలేనివారు ప్రతి వీధిలోనూ కనిపిస్తారు. వారి ఇళ్లలో తెలుగు చచ్చిపోలేదు. కాగితంమీదికి రావడం మానింది. మాట ఉండి లిపి లేని తరం తరువాత, మాట కూడా లేని తరం రావడానికి ఎక్కువ కాలం పట్టదు. ప్రమాదం అక్కడ ఉంది.

ఈ సందర్భంలో పై చరిత్ర మనకు మూడు సంగతులు చెబుతున్నది. మొదటిది చేయి. పళ్లెంలో ఇసుకగాని బియ్యంగాని పోసి అక్షరం దిద్దించడానికి ఖర్చులేదు. తెలుగులో ప, ష, స. మ, య వంటి అక్షరాలు చూపుకు దగ్గరివి. కంటికి కలిగే తికమకను వేలు తీరుస్తుంది.

రెండవది చెవి. బడిలో చేరకముందే పిల్లవాడు జోలపాట, పొడుపుకథ, అమ్మమ్మ కథ వినాలి. చప్పట్లు కొట్టి మాటలను ముక్కలుగా పలకడం, ఒకే అక్షరంతో మొదలయ్యే మాటలు వెదకడం ఆటలే కాని పాఠాలు కావు. అయినా చదవడానికి కావలసిన చెవి వాటివల్లనే సిద్ధమవుతుంది.

మూడవది, అన్నింటికంటె ముఖ్యమైనది, అర్థం. చెన్నై తెలుగు పిల్లవాడి ఇంటిభాషలో తమిళపు మాటలు కలిసి ఉంటాయి. నీళ్లను "తణ్ణి" అన్నాడని పరిహసిస్తే వాడు నోరు మూసుకొంటాడు. నోరు మూసుకొన్న పిల్లవాడికి చదువు చెప్పడం ఎవరితరమూ కాదు. ఆ మాటను అంగీకరించి, పక్కనే "నీళ్లు" అనే మాటను అలవాటు చేయడం ఉపాధ్యాయుడి నేర్పు. గిడుగువారు చెప్పిన ధర్మం ఇక్కడి పిల్లవాడికీ వర్తిస్తుంది: వాడి ఇంట్లో ఉన్న తెలుగే వాడి చదువుకు తొలిమెట్టు. తమిళం రావడం అడ్డంకి కూడా కాదు. పాలు, ఊరు, కన్ను వంటి మాటలు రెండు భాషలకూ చుట్టాలే. తేడాలున్నచోట వాటిని విడమరచి చెప్పాలి. తమిళంలో ఒకే అక్షరం క అనీ గ అనీ పలుకుతుంది. తెలుగులో క, ఖ, గ, ఘ నాలుగూ వేరు. తమిళంలో అక్షరం కింద వత్తు రాదు, తెలుగులో వస్తుంది. ఇది తెలిసిన ఉపాధ్యాయుడు పిల్లవాడి పొరపాటును మందమతితనంగా భావించడు.

తల్లిదండ్రుల పాత్ర ఇంతకంటె పెద్దది. ఇంగ్లీషు బడిలో చదివే పిల్లలకైనా రాత్రి పడుకోబోయేముందు పావుగంట తెలుగు కథ చదివి వినిపించడం ఏ ఇంటికీ అసాధ్యం కాదు. చదవడం రాని తల్లి చెప్పే కథ చదవగలిగిన తండ్రి కథకు తీసిపోదు. పూర్వవిద్యార్థులు జూబిలీ సందర్భంగా భవనాలకు, బహుమతులకు విరాళాలిస్తారు. వాటితోబాటు ఒకటో తరగతి గదిలో బొమ్మల కథల పుస్తకాల అలమర ఒకటి ఏర్పాటు చేసి, ఏటేటా దానిని నింపే బాధ్యత తీసుకొంటే, ఆ దానం ఫలితం మరికొన్ని దశాబ్దాలు నిలుస్తుంది. వారానికి ఒక గంట పై తరగతి పిల్లలు కిందితరగతివారికి కథ చదివి వినిపించే ఏర్పాటు చేయవచ్చు. అది కొత్త పద్ధతి కాదు. మన వీధిబడిలో పుట్టి, మద్రాసు పేరుతో సముద్రాలు దాటిన పద్ధతే. దానికి ఇక్కడ మళ్లీ చోటివ్వడం ఈ ఉత్సవానికి తగిన పని.